‘కడుపునొప్పి తాళలేక’ అన్నది మీ మాట కాదు

ప్రశ్న: అమ్మా, నమస్కారం. మాది అనంతపురం జిల్లాలో కళ్యాణదుర్గం వైపు ఒక ఊరు. నాకు 24 ఏళ్లు. డిగ్రీ చదివి ఒక ప్రైవేటు బడిలో తెలుగు చెబుతున్నాను. మా నాయన రెండెకరాల సొంత చేనుతో పాటు ఏడెకరాలు గుత్తకు తీసుకొని శెనక్కాయ పెట్టేవాడు. సొంత చేను ఇంకా మా అబ్బ (నాయన తండ్రి) పేరు మీదే ఉంది. వేయించిన రెండు బోర్లూ ఎండిపోయినాయి, బాకీలు పెరిగినాయి. తొమ్మిది నెలల కిందట నాయన ప్రాణం తీసుకున్నాడు. ఆ రోజు మా చిన్నాయన, ఇంటి మీద కేసవుతుందని భయపడి, కడుపునొప్పి తాళలేక చనిపోయినాడని స్టేషన్‌లో రాయించినాడు. దాని కింద నేనూ సంతకం పెట్టినాను. తర్వాత ఆఫీసర్లు విచారణకు వచ్చి మొట్టమొదట ‘మీ నాయన తాగేవాడా?’ అని అడిగినారు. నా నోట మాట రాలేదు. అమ్మ కొంగు నోటికి అడ్డం పెట్టుకొని గోడవైపు తిరిగింది. చేను గుత్తకు ఇచ్చిన ఆయన తాను ఇవ్వనే లేదంటున్నాడు. సాయం రాదని చెప్పేసినారు. బంధువులు ‘పోయినోడు పోయినాడు, పెళ్లి కావలసిన పిల్లవి, నోరు మూసుకో’ అంటున్నారు. ఊరకుంటే నాయనకు ద్రోహం చేసినట్టుంది. రాద్దామని కాగితం ముందు పెట్టుకుంటే ఒక్క మాటా రాదు, ఏడుపే వస్తుంది. పిల్లలకు తెలుగు చెప్పేదాన్ని, నాకే మాటలు రాకపోతే ఎట్లా? నేనేం చేయాలి?
– పేరు వద్దన్న పాఠకురాలు

సమాధానం:

అమ్మా,

మీ ఉత్తరం నాలుగు పుటలు. మీ ఊరిని, మనుషులను గుర్తుపట్టే వీలున్న భాగాలన్నీ తీసేసి మిగిలినది మాత్రమే పైన ఇచ్చాను. అయితే తీసేసిన వాటిలో రెండు సంగతులు, మీరు వద్దనరనే నమ్మకంతో, ఇక్కడ చెప్పక తప్పదు. నా జవాబుకు అవే ఆధారం.

మొదటి పుటలో మీరు ‘ఆర్థిక ఇబ్బందుల దృష్ట్యా మా తండ్రిగారు మరణించడం జరిగింది’ అని రాశారు. రెండో పుట సగానికి వచ్చేసరికి ఆ భాష మీకు తెలియకుండానే జారిపోయి, ‘ఆ పొద్దు సద్దిగిన్నె మూత తీయకుండానే ఇంటికి తిరిగొచ్చింది, అమ్మ దాన్ని మూడు దినాలు కడగలేదు’ అని రాశారు. ఇది మొదటి సంగతి. రెండోది, మూడో పుట అడుగున మీరు ఒక వాక్యం రాసి, కలం మొన కాగితాన్ని చీల్చేంత గట్టిగా కొట్టేశారు. దాన్ని వెలుతురుకు పట్టి చదివే ప్రయత్నం నేను చేయలేదు. దాని గురించి చివర మాట్లాడతాను.

సద్దిగిన్నె వాక్యం రాయగలిగిన మనిషికి మాటలు రావంటే నేను ఒప్పుకోను. మీ దగ్గర మాట ఉంది. అది నిలబడవలసిన చోటును వేరొక వాక్యం ముందే వచ్చి ఆక్రమించింది. మీ నాయన ఎందుకు చనిపోయాడో చెప్పవలసిన చోట, ప్రభుత్వ కాగితం మీద, స్టేషన్ ముద్రతో సహా ‘కడుపునొప్పి తాళలేక’ అని రాసి ఉంది. దాని కింద మీ సంతకం ఉంది. తొమ్మిది నెలలుగా మీరు ఏ తెల్లకాగితం ముందు పెట్టుకున్నా దాని అడుగున ఆ కాగితమే కనబడుతూ ఉంటుందని నాకు అనిపిస్తున్నది. అందువల్ల మీరు మొదలు పెట్టవలసినది అక్కడి నుంచే.

ఆ వాక్యం మీ చిన్నాయన కల్పించినది కూడా కాదు. మన జిల్లాలో అది ఎంతోమంది మీదుగా చేతులు మారుతూ వచ్చిన వాక్యం. 2001లోనే జర్నలిస్టు పాలగుమ్మి సాయినాథ్ అనంతపురం జిల్లా రైతుల చావుల గురించి రాస్తూ, కాగితాల్లో ఎక్కడ చూసినా కనిపించే ఈ కడుపునొప్పి సంగతిని బయటపెట్టారు. ఆస్పత్రి గడప దగ్గర శవాన్ని పెట్టుకొని, తొందరగా పోస్టుమార్టం అయి మనిషిని ఊరికి తీసుకుపోతే చాలుననుకునే ఇంటివాళ్లకు, ‘ఇట్లా చెప్పండి, తేలిగ్గా అయిపోతుంది’ అని ఎవరో ఒకరు అందిస్తారు. ఆ ఘడియలో ఏ వాక్యం అందితే దాన్నే పట్టుకుంటారు. మీ చిన్నాయన మీద కోపం పెట్టుకోవద్దని నేను చెప్పను, ఆ కోపం మీకుంది, ఉండనివ్వండి. కానీ ఆ పొద్దు ఆయన కూడా అన్నను పోగొట్టుకున్న తమ్ముడే అన్నది మరిచిపోవద్దు.

కేసవుతుందన్న భయానికి ఇప్పుడు ఆధారం లేదు. 2017 నాటి మానసిక ఆరోగ్య సంరక్షణ చట్టం, ప్రాణం తీసుకోవడానికి ప్రయత్నించిన మనిషిని తీవ్రమైన ఒత్తిడిలో ఉన్న మనిషిగా చూడాలని చెబుతుంది. ఆ ప్రయత్నాన్నే నేరంగా చూసిన పాత 309 సెక్షన్, 2024 జులై 1 నుంచి అమలులో ఉన్న భారతీయ న్యాయ సంహితలో లేనే లేదు. అప్పుల బాధతో చనిపోయాడని ఇంటివాళ్లు నిజం చెప్పినంత మాత్రాన వాళ్ల మీద కేసు రాదు. ఈ మాట మీ చిన్నాయనకు, వీలు చూసుకొని, నెమ్మదిగా చెప్పండి. రేపు మీకు అవసరమయ్యే మొదటి సాక్షి ఆయనే.

ఇప్పుడు నా సంగతి ఒకటి. నాకు ఒక్కడే తమ్ముడు. ముప్పై ఏళ్ల కిందట, ఒక గుత్తేదారు కింద రాళ్లు పగలగొట్టే పనిలో ఉండగా చనిపోయాడు. వాడి తప్పిదమే అని రాసుకున్న కాగితం ముందు పెట్టుకొని విచారణ అధికారి నన్ను పిలిచి, ‘మీరేమైనా చెప్పదలుచుకున్నారా?’ అని అడిగాడు. అప్పటికి నేను కళాశాలలో పదేళ్లుగా తెలుగు చెబుతున్న మనిషిని. నాలుగు వందలమంది పిల్లల ముందు గంటసేపు గొంతు తగ్గకుండా మాట్లాడే నేను, ఆ గదిలో, ఆ బల్ల ముందు, ‘ఏముంది సార్’ అన్నాను. అని, చెప్పులు వేసుకొని బయటికి వచ్చేశాను. ఆ రెండు మాటలు వాళ్లు కాగితం మీద ‘మృతుని సోదరికి అభ్యంతరం లేదు’ అని రాసుకున్నారు. అది నాకు తర్వాత ఎప్పుడో తెలిసింది. అందుకే, విచారణకు వచ్చినవాళ్ల ముందు మీకు నోట మాట రాలేదని చదివినప్పుడు నాకు ఆశ్చర్యం కలగలేదు. మనం నోరు తెరవకపోతే ఆ ఖాళీని వాళ్లు తమ మాటలతో నింపుకుంటారు. దాన్ని నేను నా తమ్ముడి విషయంలో సరిదిద్దుకోలేకపోయాను. మీకు ఇంకా సమయం ఉంది.

ఆ గదిలో నా గొంతు ఎందుకు పెగలలేదో తర్వాత చాలా ఏళ్లు ఆలోచించాను. నాకు తట్టిన కారణం మా అవ్వ. ఉరవకొండ దగ్గర పల్లె ఆమెది. చదువు లేదు, వేలిముద్ర వేసేది. మా అబ్బ చనిపోయినప్పుడు శవం పక్కన కూర్చుని ఆమె రాగం తీసి ఏడ్చింది. అప్పుడు నాకు పదమూడేళ్లు. ‘బావి తవ్విస్తివి కదో నా సామీ, బావిలో బండ పడె, మన బతుకులో బండ పడె’ అని మొదలుపెట్టి, ఆ బావికోసం ఏ చేను ఎవరికి తాకట్టు పెట్టిందీ, ఎద్దుల జతను సేద్యానికని తీసుకుపోయి తిరిగి ఇవ్వనిది ఎవరో, జబ్బు చేసిందని కబురు పంపినా రాని కొడుకు ఎవరో, ఒక్కొక్కటీ ఆ ఏడుపులోనే చెప్పింది. ఊరంతా అరుగుల మీద, వీధిలో నిలబడి వింటున్నారు. ఎద్దులు తీసుకుపోయిన మనిషి కూడా వాళ్లలోనే ఉన్నాడు, తువ్వాలుతో ముఖం తుడుచుకుంటూ. ఎవరూ ఆమెను ఆపలేదు. శవం లేచేదాకా ఆ మాటకు అడ్డు చెప్పే హక్కు ఊరిలో ఎవరికీ లేదు. అది దుఃఖమూ, వాంగ్మూలమూ రెండూ కలిసిన మాట.

బస్తీలో చదువుకుంటున్న మా అక్కకు, నాకు మాత్రం సిగ్గేసింది. ‘రాగాలు తీయొద్దు అవ్వా, అందరూ చూస్తున్నారు’ అన్నాం. తర్వాత మా నాన్న చనిపోయినప్పుడు, తమ్ముడు చనిపోయినప్పుడు మేము చప్పుడు చేయకుండా, చేతిరుమాలు నోటికి అడ్డం పెట్టుకొని, చదువుకున్నవాళ్లలాగా ఏడ్చాం. అవ్వ తరం ఆడవాళ్లకు పుట్టుకతో వచ్చిన ఆ మాటతీరును మేము మోటుదని తీసి పారేశాం, దాని స్థానంలో ఏదీ పెట్టుకోలేదు. నాకు వ్యాకరణం వచ్చు, ఛందస్సు వచ్చు. నా తమ్ముడిని ఎవరు చంపారో చెప్పే వాక్యం రాలేదు. మీరు తెలుగు టీచరునై ఉండి కూడా అని బాధపడుతున్నారు కదా, మన చదువు ఈ పనికి మనల్ని సిద్ధం చేయలేదమ్మా. ఆ లోటు మీ ఒక్కరిదే అనుకోవద్దు.

చదువు రానివాళ్లకు మాట దొరకడం గురించి ఇంకొక్క సంగతి చెప్పి ముందుకు పోతాను. వెనకటి కరువుల్లో ఒకదానికి జనం పెట్టుకున్న పేరు డొక్కల కరువు. సర్కారు లెక్కల్లో అది ఏ పేరుతో ఉన్నా, మనిషి ఒంటిమీద తమ కంటికి కనబడినదేదో దాన్నే వాళ్లు పేరుగా పెట్టారు. ఏ పండితుడూ అంతకంటే సూటిగా చెప్పలేడు. మీరు రాసిన సద్దిగిన్నె ఆ కోవకు చెందినది.

ఇక చేయవలసిన పని. ఒక నోటు పుస్తకం కొనుక్కోండి. ఎడమ పుట ఏడుపుకు, కుడి పుట జరిగినదానికి. ఎడమ పుటలో తిట్టండి, నాయనను కూడా తిట్టండి, ఎందుకు పోయావని అడగండి, వాక్యం పూర్తి కాకపోతే వదిలేయండి. కుడి పుటలో మాత్రం మీరు కళ్లతో చూసినది, చెవులతో విన్నది, తేదీ తెలిస్తే తేదీ, తెలియకపోతే ‘ఉగాది తర్వాత’, ‘శెనక్కాయ పెరికే ముందు’ అని రాయండి. మొదటి బోరు ఎప్పుడు వేయించారు, ఎన్ని అడుగులు, బండికి డబ్బు ఎవరి దగ్గర తెచ్చారు, నూటికి ఎన్ని రూపాయల వడ్డీ, అమ్మ కమ్మలు ఏ బ్యాంకులో ఉన్నాయి, గుత్త డబ్బు ఎక్కడ నిలబడి ఇచ్చారు, అప్పుడు పక్కన ఎవరున్నారు. ఈ రెండు పుటల్నీ కలపవద్దు. నేను చేసిన పొరపాటు అదే. తమ్ముడు పోయిన ఆరు నెలలకు పదకొండు పుటల అర్జీ రాసి తీసుకుపోయాను. అందులో కన్నీళ్లు, కూలి లెక్కలు, వాడి చిన్నతనం అన్నీ కలిసిపోయి ఉన్నాయి. అక్కడి గుమస్తా మంచి మనిషే, కానీ మొదటి పుటలో నాలుగు వరుసలు, చివరి పుటలో నాలుగు వరుసలు చూసి ఫైలులో పెట్టేశాడు. నా తమ్ముడు పదకొండు పుటల మధ్యలో ఎక్కడో ఉండిపోయాడు.

రాయడానికి చేయి రాకపోతే మొదట మాట్లాడండి. రాత్రి అందరూ పడుకున్న తర్వాత ఫోనులో రికార్డు పెట్టుకొని, ఎదురుగా మీ అబ్బ కూర్చున్నాడనుకొని ఆయనకు చెప్పినట్టు చెప్పండి. మరునాడు దాన్ని వింటూ, మీరు మాట్లాడినది మాట్లాడినట్టే కాగితం మీద పెట్టండి. ‘గుత్తకు చేసినాడు’ అన్నదాన్ని ‘కౌలు ప్రాతిపదికన సాగు చేయడం జరిగినది’ అని మార్చవద్దు. ‘జరిగినది’ అన్న మాటలో ఎవరు చేశారో ఉండదు. మీ యాసలో రాసినంత మాత్రాన అర్జీని తీసుకోబోమని ఏ కార్యాలయమూ అనకూడదు.

పది పదిహేను రోజులకు కుడి పుటలు నిండుతాయి. వాటిలోనుంచి ఒకే ఒక్క పుట అర్జీ తయారు చేయాలి. ఆ అర్జీ కళ్యాణదుర్గం ఆర్డీవో గారికి. ఎందుకు ఆయనకో చెబుతాను. రైతు ఆత్మహత్య చేసుకున్న కుటుంబానికి సాయం ఇచ్చే ఏర్పాటు 2004 జూన్ 1న వచ్చిన 421వ నంబరు జీవోతో మొదలైంది. అప్పుడు అది 1,50,000 రూపాయలు; 2019లో దాన్ని 7,00,000 రూపాయలు చేశారు. చావుకు కారణం తేల్చేది ఆర్డీవో, డీఎస్పీ, వ్యవసాయశాఖ సహాయ సంచాలకుడు ఉన్న త్రిసభ్య కమిటీ. మీ ఇంటికి వచ్చి ‘తాగేవాడా’ అని అడిగినది ఆ విచారణలో భాగమే అయి ఉంటుంది. పోలీసులు రాసే శవపంచనామా నివేదిక కూడా చట్టప్రకారం పోయి చేరేది సబ్ డివిజనల్ మెజిస్ట్రేటు దగ్గరికి, అంటే మళ్లీ ఆర్డీవో దగ్గరికే. కడుపునొప్పి వాక్యం ఏ బల్ల మీద ఉందో, దాన్ని సరిచేసే మీ వాక్యం పోయి పడవలసినదీ ఆ బల్ల మీదే.

అర్జీ ఇట్లా ఉండవచ్చు: ‘అయ్యా, మా నాయన ఫలానా తేదీన చనిపోయినాడు. కడుపునొప్పి వల్ల అని స్టేషన్ కాగితంలో ఉంది. అది నిజం కాదు. భయపడి మావాళ్లు అట్లా చెప్పినారు, తెలియక నేనూ సంతకం పెట్టినాను. నాయన ఏడెకరాలు గుత్తకు చేసినాడు. రెండు బోర్లు ఎండిపోయినాయి. ఫలానా ఫలానావాళ్లకు ఇంత బాకీ ఉన్నాడు. కాగితాలు జతపరిచినాను. మా వాంగ్మూలం మళ్లీ తీసుకొని విచారణ చేయమని కోరుతున్నాను.’ ఇంతే. సద్దిగిన్నె ఇందులో రాదు. అది మీది, దాన్ని వాళ్లకు ఇవ్వనక్కర లేదు.

అయితే సంతకం గురించి ఒప్పుకుంటున్నారు కాబట్టి, ఇచ్చే ముందు దీన్ని ఒక న్యాయవాదికి తప్పకుండా చూపించండి. డబ్బు అక్కరలేదు. 1987 నాటి న్యాయ సేవాధికార సంస్థల చట్టం ప్రకారం ఆడవాళ్లకు, ఆదాయం ఎంతన్నదానితో పని లేకుండా, ఉచితంగా న్యాయవాదిని ఇవ్వాలి. అనంతపురంలో జిల్లా న్యాయ సేవాధికార సంస్థ ఉంది. 15100 నంబరుకు ఫోను చేసినా దారి చెబుతారు. కమిటీ మీ విషయంలో ఏమని రాసిందో ఆ నివేదిక నకలు కోసం సమాచార హక్కు చట్టం కింద ఆర్డీవో కార్యాలయానికి విడిగా ఒక దరఖాస్తు పెట్టండి. రుసుము 10 రూపాయలు, తెల్లకార్డు ఉంటే అదీ అక్కరలేదు. 30 రోజుల్లో జవాబు ఇవ్వాలి. ఎందుకు సాయం రాదన్నారో కాగితం మీద చూడకుండా దానికి జవాబు చెప్పలేం.

గుత్తకు ఇచ్చిన ఆయన కాదంటున్నాడన్నారు. 2019 నాటి పంట సాగుదారుల హక్కుల చట్టం కింద గుత్త రైతుకు 11 నెలల పత్రం ఇస్తారు గానీ, దాని మీద భూమి యజమాని సంతకం కావాలి. 2011 చట్టం కింద ఇచ్చిన రుణ అర్హత కార్డుకు ఆ సంతకం అవసరం ఉండేది కాదు. కొత్త చట్టంతో మీ నాయనలాంటివాళ్లు ఎంతమంది కాగితానికి కనిపించకుండా పోయారో మన సీమ పల్లెల్లో ఎవరిని అడిగినా చెబుతారు, దీన్ని నేను అన్యాయమనే అంటాను. అంతమాత్రాన దారి మూసుకుపోలేదు. రైతు సేవా కేంద్రంలో ఈ-పంట నమోదులో సాగు చేసిన మనిషి పేరు ఉంటుంది, మీ నాయన పేరు ఏ సంవత్సరమైనా ఎక్కిందేమో చూడండి. విత్తన శెనక్కాయల రసీదులు, ఎరువుల కొట్టు పద్దు, బోరుబండివాళ్లు ఇచ్చిన చీటీ, ప్రాంసరీ నోట్ల నకళ్లు, బ్యాంకులో నగల మీద తీసుకున్న అప్పు కాగితం, ఇవన్నీ మీ నాయన ఆ చేనులో ఉన్నాడని చెప్పే సాక్ష్యాలే. అన్నింటికన్నా మించినది పక్క చేలవాళ్ల మాట. వాళ్లలో యజమానికి భయపడేవాళ్లు ఉంటారు, వాళ్లను ఒత్తిడి చేయవద్దు. ఇద్దరు ముందుకు వచ్చినా చాలు.

అర్జీని కలెక్టరేటులో సోమవారం జరిగే ప్రజా సమస్యల పరిష్కార వేదికలో కూడా ఇవ్వండి, రసీదు తీసుకోకుండా మాత్రం బయటికి రావద్దు. ఒక్కరే పోవద్దు.

ఇప్పుడు ఆ ప్రశ్న గురించి. ‘మీ నాయన తాగేవాడా?’ మళ్లీ విచారణ జరిగితే మళ్లీ అడుగుతారు. మీ ఉత్తరంలో దీనికి జవాబు లేదు, నాకు చెప్పవలసిన పనీ లేదు. కానీ ఆ రోజు మీ గొంతు ఆగిపోయింది అక్కడే కాబట్టి, జవాబు ముందే నోటికి రానిచ్చుకోండి. తాగకపోతే ‘లేదు సార్’ అనండి. తాగేవాడైతే దాచవద్దు. ‘అప్పుడప్పుడు తాగేవాడు సార్. బాకీ బోర్ల వల్ల అయింది, పంట పోవడం వల్ల అయింది. లెక్క ఇదిగో’ అని కుడి పుట ముందు పెట్టండి. మీ నాయన దేవుడని ఎవరికీ నిరూపించనక్కర లేదు. తాగిన రైతు అప్పు కూడా అప్పే, తాగిన రైతు ఎండిన బోరు కూడా ఎండిన బోరే. ఈ జవాబును పదిసార్లు పైకి అనండి. అద్దం ముందు వద్దు, చేను గట్టున గానీ మేడ మీద గానీ గాలికి గొంతెత్తి అనండి. గొంతు వణికితే వణకనివ్వండి, ఆపకుండా వాక్యం చివరిదాకా పొండి. తర్వాత ఒక మనిషి ముందు, మీరు నమ్మే స్నేహితురాలి ముందు, అనండి. ఒక్కసారి ఎవరి చెవిలోనైనా పడిన మాట రెండోసారి బల్ల ముందు తేలికగా బయటికి వస్తుంది.

అమ్మ గోడవైపు తిరిగిన సంగతి రాశారు. ఆమెను మాట్లాడించాలని ప్రయత్నించవద్దు. మాట్లాడకపోవడం కూడా కొందరికి బతకడానికి అవసరం, దాన్ని ద్రోహంగా లెక్క కట్టకూడదు. మీరు రాసినది ఆమెకు చదివి వినిపించవచ్చా అని మాత్రం అడగండి. వద్దంటే మానేయండి. వింటానంటే, తేదీలు, సొమ్ముల లెక్కలు సరిచేసేది ఆమే అవుతుంది. బాకీ సంగతులు ఇంటి ఆడవాళ్లకు తెలిసినంతగా ఎవరికీ తెలియవు.

బంధువుల మాట. ‘పెళ్లి కావలసిన పిల్లవి’ అన్నవాళ్లలో మీ మేలు కోరేవాళ్లు ఉన్నారు, బాకీలెక్కలు బయటపడితే తమ పేరు వస్తుందని భయపడేవాళ్లూ ఉండవచ్చు. ఎవరు ఎవరో మీకే తెలుస్తుంది. వాళ్లతో వాదన పెట్టుకోవద్దు, ‘ఆలోచిస్తాను పెద్దమ్మా’ అని ఊరుకోండి. తండ్రి చావు గురించి నిజం చెప్పినందుకు వెనక్కి పోయే సంబంధం ఏదైనా ఉంటే అది పోవడమే మీకు మేలు, ఈ మాట నేను ఊరికే ధైర్యం చెప్పడానికి అనడం లేదు. ఏడు లక్షలు వస్తాయని కూడా నేను మీకు హామీ ఇవ్వలేను. రెండోసారి కూడా కాదనవచ్చు. అయినా ‘కడుపునొప్పి’ అన్న కాగితం పక్కన, అదే ఫైలులో, అది నిజం కాదని మీ నాయన కూతురు రాసిన కాగితం ఉంటుంది. నా తమ్ముడి ఫైలులో సూటిగా కనిపించేది ‘అభ్యంతరం లేదు’ అన్నది ఒక్కటే.

పైన ఇవ్వని భాగంలో మీరు, రాత్రిళ్లు నిద్ర పట్టడం లేదని, తెల్లవారుజామున నాయన పిలిచినట్టు లేస్తున్నానని రాశారు. ఒక మాట సూటిగా అడుగుతాను, మీరు కూడా పోవాలని అనిపిస్తున్నదా? అనిపిస్తే అది చెప్పుకోకూడని మాట కాదు. ఈ రాత్రే ఎవరికైనా చెప్పండి. టెలి మానస్ అని ప్రభుత్వం నడిపే ఉచిత ఫోను సేవ ఉంది, నంబరు 14416, రాత్రీ పగలూ తెలుగులో మాట్లాడతారు. అంతదాకా రాకపోయినా, వరుసగా నిద్ర లేకపోవడం ఒంటిని మనసును కుంగదీస్తుంది కాబట్టి ఫోను చేయండి, లేదా అనంతపురం ప్రభుత్వ ఆస్పత్రిలో మానసిక వైద్యులను కలవండి. నోటు పుస్తకం, అర్జీ అన్నీ దాని తర్వాతే. రాస్తూ ఉండగా ఊపిరాడనట్టు అనిపించిన రోజు పుస్తకం మూసి, అమ్మ దగ్గరికి పోయి కూర్చోండి.

చివరికి ఆ కొట్టేసిన వాక్యం. అందులో ఏముందో నాకు తెలియదు. ఒకటి మాత్రం ఊహించగలను, నా తమ్ముడు పోయిన తర్వాత నేను రాసిన ప్రతి కాగితంలోనూ అలాంటి వాక్యం ఒకటి ఉండేది, నేనూ కొట్టేసేదాన్ని. ఆ పనికి వాడిని పంపినది నేనే. ఊర్లో ఊరికే తిరుగుతున్నాడని, వెళ్లి ఏదైనా పని చూసుకో అని కసిరాను. ఈ మాట కాగితం మీద పూర్తిగా రాయడానికి నాకు పదిహేడేళ్లు పట్టింది. అది బయటికి రానంతకాలం దాని వెనక ఉన్న మాటలేవీ రాలేదు. బల్ల ముందు ‘ఏముంది సార్’ అనిపించినది కూడా అదే. గుత్తేదారు తప్పు గురించి నోరు తెరిస్తే నా తప్పు బయటపడుతుందని భయం. ఆ రెండూ వేరని, నేను కసరడం వేరు, రాయి కింద మనిషిని రక్షణ లేకుండా నిలబెట్టడం వేరు అని, రాసి పక్కపక్కన పెట్టుకున్న రోజునే నాకు తెలిసింది.

మీ వాక్యాన్ని ఎడమ పుటలో, మొదటి రోజే, కొట్టేయకుండా రాయండి. ఎవరికీ చూపించనక్కర లేదు, నాకు కూడా. తర్వాత కుడి పుట తిప్పి, మొదటి బోరు వేయించిన తేదీతో మొదలు పెట్టండి. అర్జీ ముసాయిదా సిద్ధమయ్యాక ఈ చిరునామాకే పంపండి, అక్షరం అక్షరం చూసి వారం లోపల తిరిగి పంపుతాను. సోమవారం తోడు ఎవరూ దొరకకపోతే రాయండి, నేను ఉండేది అనంతపురంలోనే, కలెక్టరేటు గేటు దగ్గరికి పొద్దున తొమ్మిదింటికల్లా వస్తాను.